ఆకాశం కనిపించే పని

సెలవు మీద ఇంటికి బయలుదేరే ముందు డెన్నిస్ ఒక పని తప్పకుండా చేసేవాడు. విశాఖపట్నంలో నావికుల బసకు మేడ ఉంది. ఆ మేడ మీద చాప పరిచి, చొక్కా విప్పేసి, నాలుగు రోజులపాటు మిట్టమధ్యాహ్నం ఎండలో పడుకునేవాడు. ఒళ్ళు ఒకవైపు చుర్రుమన్నాక రెండోవైపు తిరిగేవాడు. నీళ్ళ ట్యాంకు నీడ మీదికొస్తే చాప జరుపుకునేవాడు. లోకమంతా నీడ వెతుక్కుంటుంటే ఇతగాడు ఎండ వెతుక్కునేవాడన్నమాట.

"ఏమప్పా, వడియాల మాదిరి నిన్ను నువ్వే ఎండబెట్టుకుంటా ఉండావే! సాయంత్రం ఎత్తి డబ్బాలో పెట్టేదా?" అని ఉమేశ్ ఎగతాళి చేసేవాడు. ఉమేశ్ అదే ఓడలో వంటవాడు.

డెన్నిస్‌కు నవ్వొచ్చేది కాదు. ఇంటికి వెళితే నాయన ముందుగా చూసేది తన మొహాన్నే. ఓడ మీద, ఆకాశం కింద పనిచేసేవాడి మొహం నల్లగా మాడి ఉండాలి. డెన్నిస్ మొహమేమో మూతపెట్టిన ముంతలో మొలిచిన గింజలా పాలిపోయి ఉండేది. నాయన అడిగితే చెప్పడానికి జవాబు లేదు. ఎందుకంటే డెన్నిస్ నాయనకు ఒక మాటిచ్చాడు, ఆ మాట ఏనాడో తప్పాడు.

నాయన పేరు అమృతరాజు. కోలారు జిల్లా కేజీఎఫ్ బంగారు గనిలో ముప్పై ఏళ్ళు పనిచేశాడు. అక్కడి కోరమండల్ పేటలో గని కూలీలకు వరుసగా కట్టించిన ఇళ్ళలో, అంటే లైన్లలో, ఒకటి వాళ్ళది. డెన్నిస్ చిన్నప్పుడు పగటి షిఫ్టు ముగిసే వేళకు గని గేటు దగ్గరికి పరుగెత్తేవాడు. అక్కడ ఇంకా చాలామంది పిల్లలు, ఆడవాళ్ళు నిలబడి ఉండేవాళ్ళు. ఎవరూ పెద్దగా మాట్లాడుకునేవాళ్ళు కాదు. భూమి కింద బండ పగిలి కూలితే ఊళ్ళో ఇళ్ళలో గిన్నెలు గలగలమనేవి. దాన్ని అక్కడ ఎయిర్ బ్లాస్ట్ అనేవాళ్ళు. ఆ రోజు గేటు దగ్గర జనం రెట్టింపు. మనుషుల్ని పైకి లాక్కొచ్చే ఇనప బోను ఆగేది. వెలుతురు తగిలి కళ్ళు చిట్లించుకుంటూ ఒక్కొక్కరే బయటికొచ్చేవాళ్ళు. అమృతరాజు వచ్చి ఖాళీ అన్నం క్యారియర్ కొడుకు చేతికిచ్చేవాడు. అది చేతిలో పడేదాకా డెన్నిస్‌కు నాయన పైకొచ్చినట్టు నమ్మకం కుదిరేది కాదు. మొహం కళ్ళెదుట కనిపిస్తున్నా సరే, క్యారియర్ బరువు చేతికి తెలియాలి. అప్పుడు పెద్ద ఆరిందాలా "పద నాయినా, ఇంటికి పోదాం" అనేవాడు.

రెండువేల ఒకటిలో గని మూతపడింది. అమృతరాజుకు పని పోయింది, రొమ్ములో చేరిన రాతిపొడి మాత్రం పోలేదు. పది అడుగులు వేస్తే ఆగి, గోడ పట్టుకుని, ఊపిరి కూడదీసుకోవాల్సి వచ్చేది. ఆ స్థితిలో ఒక రోజు పద్దెనిమిదేళ్ళ కొడుకును ఎదురుగా కూర్చోబెట్టుకుని చెయ్యి చాపాడు.

"నా చేతిలో చెయ్యెయ్యి డెన్నీ. మీ తాత భూమి కింద చేసి చేసి పోయినాడు. నేనూ అట్లే చేసినాను. నువ్వు మటుకు ఆకాశం కనిపించే పని చెయ్యల్ల. మూటలు మోసినా సరే, పేడ ఎత్తినా సరే. తలకాయ ఎత్తితే ఆకాశం కనపడల్ల. అంతే నేనడిగేది."

డెన్నిస్ చేతిలో చెయ్యేశాడు. మరుసటేడు నౌకాదళంలో చేరాడు. సముద్రం మీద ఉన్నంత ఆకాశం ఇంకెక్కడుంటుంది? అమృతరాజు లైన్లన్నీ తిరిగి ఇంటింటికీ చెప్పుకున్నాడు, ఆగి ఆగి ఊపిరి పీల్చుకుంటూ మరీ. తల్లి ఎస్తరమ్మ చర్చిలో కొవ్వొత్తులు వెలిగించింది.

ఇక డెన్నిస్ నోరు జారిన సంగతి. శిక్షణ ముగిశాక ఒక అధికారి అందర్నీ వరసలో నిలబెట్టి ఎవరిది ఏ ఊరని అడుగుతూ వచ్చాడు. డెన్నిస్ కేజీఎఫ్ అన్నాడు. "బంగారు గనుల ఊరా? అయితే లోపలి పనంటే భయముండదు నీకు" అన్నాడు ఆయన, ఏదో మాటవరసకు. అక్కడ "ఎస్ సార్" అని ఊరుకుంటే ఎంత బాగుండేది! కేజీఎఫ్ వాళ్ళు ఊరుకుంటారా? ఎవరైనా లోతు మాటెత్తితే చాలు, ఛాతీ రెండంగుళాలు పొంగుతుంది. డెన్నిస్ వచ్చీరాని హిందీలో అందుకున్నాడు. మా నాయన పదివేల అడుగుల కింద చేశాడు సార్, మా తాత కూడా సార్, అక్కడ బండను తాకితే చెయ్యి కాలుతుంది సార్, చీకటి మాకో లెక్కా, అది మా రక్తంలోనే ఉంది సార్! అధికారి ముచ్చటపడి ఏదో రాసుకున్నాడు. రెండు వారాల తర్వాత ఆ రాత డెన్నిస్ చేతికి ఉత్తర్వై వచ్చింది. స్వర్ణముఖి అనే సరఫరా ఓడ. పంపు గది.

ఓరి నా గొప్పలు మండిపోనూ, అని ఆ రోజు తన్ను తాను తిట్టుకున్నాడు. ఆ తర్వాత కూడా చాలా ఏళ్ళు తిట్టుకున్నాడు.

స్వర్ణముఖి యుద్ధం చేసే ఓడ కాదు. యుద్ధనౌకలకు నడిసముద్రంలో ఇంధనం, మంచినీళ్ళు, బియ్యం, కూరగాయలు అందించే ఓడ. ఆకలిగొన్న యుద్ధనౌక వచ్చి పక్కనే, ఒక వీధి వెడల్పు దూరంలో, అదే వేగంతో నడుస్తుంది. ఇటునుంచి అటు తాడు వేస్తారు. తాడు వెంట లావుపాటి గొట్టం పోతుంది. పైన ఉన్నవాళ్ళకు అదో తిరునాళ్ళ. రెండు ఓడల నడుమ నీళ్ళు ఎగిసిపడతాయి, అవతలివాళ్ళు చేతులూపుతారు, కేకలేస్తారు. ఆ వేళకు డెన్నిస్ నాలుగు నిచ్చెనల కింద, నీటిమట్టానికి దిగువన, టెలిఫోను చెవికి ఆనించుకుని ఉండేవాడు. తెరవమంటే వాల్వు తెరవాలి, ఆపమంటే మూయాలి. తాను కడుపు నింపిన ఓడల్లో ఒక్కదాని మొహం కూడా చూడలేదు. ఇనప గోడ అవతల దాని పంఖా నీళ్ళను కోస్తున్న చప్పుడు మాత్రం వినేవాడు. ఎంత తాగిందో చూసుకుని పెద్దదో చిన్నదో అనుకునేవాడు.

కడుపు నిండిన ఓడ ఎటో వెళ్ళిపోతుంది. స్వర్ణముఖి అక్కడే ఇంకోదాని కోసం కాచుకుని ఉంటుంది. తొంభై రోజులు, ఒక్కోసారి నూరు. పంపు గదిలో పగలో రాత్రో చెప్పడానికి గోడ గడియారం తప్ప దిక్కులేదు. అది పన్నెండు చూపిస్తే ఏ పన్నెండో తేలేది కాదు. డ్యూటీ దిగాక పైకి పోవచ్చు కదా అంటారేమో, డ్యూటీ దిగేసరికి పైన కూడా చీకటే. పోయి ఒంటిమీద గుడ్డ మార్చుకోకుండా నిద్రపోయేవాడు. మొదటి ఏడాది కలలో కూడా నిచ్చెనలే. ఎక్కుతూ ఉంటే కొత్త మెట్లు పుట్టుకొచ్చేవి.

బదిలీకి మూడుసార్లు అర్జీ పెట్టుకున్నాడు. ఓడ పాతది, పంపులు ఇంకా పాతవి. వాటి దగ్గు ఏదో, మూలుగు ఏదో డెన్నిస్‌కు తెలిసినట్టు ఇంకొకరికి తెలియదు. "నువ్వు పోతే ఈ ముసలిదాన్ని ఎవరు చూసుకుంటారు?" అని పై అధికారి ప్రేమగా భుజం తట్టి కాగితం తిరిగిచ్చేవాడు. మధ్యలో రెండేళ్ళు ఒడ్డున వేశారు. ఆ రెండేళ్ళలో పంపులు మొరాయించాయి. మళ్ళీ వెనక్కి పిలిపించారు. పని నేర్చుకోకుండా ఉండాల్సింది అని డెన్నిస్‌కు ఏడుపొచ్చింది.

ఇంటికి జాబు రాయడం ఇంకో గండం. ఫోన్లు వచ్చినా సముద్రం మీద పలకవు. పైగా అమృతరాజుకు జాబే కావాలి. మిషన్ బడిలో చదువుకున్న మనిషి, కాగితం చేతపట్టుకుని వాకిట్లో స్టూలు వేసుకుని బిగ్గరగా చదువుతాడు. తనలాగే రొమ్ములో రాతిపొడి నింపుకున్న మునిశామప్ప వచ్చి పక్కన కూర్చుంటాడు. "సముద్రం ఎట్లుంటాదో రాయి డెన్నీ, బాగా రాయి" అని ప్రతి ఉత్తరంలోనూ అడిగేవాడు నాయన. డెన్నిస్ కాగితం ముందు పెట్టుకుని కూర్చున్నాడు. నీలంగా ఉంటుంది అని ఒక ముక్క రాశాడు. ఆపైన కలం కదల్లేదు. చూస్తే కదా రాయడానికి!

అప్పుడు ఆదుకున్నవాడు ఉమేశే. శ్రీనివాసపురం తాలూకా రాయల్పాడు వాడు, మామిడి తోటల మధ్య పుట్టి పెరిగినవాడు. వంటచెత్త పారబోయడానికని, కూరగాయలు ఎత్తడానికని రోజుకు పదిసార్లు పైకి పోయేవాడు. "దానికేముందప్పా, నేను చెప్తా, నువ్వు రాసుకో" అన్నాడు. రోజూ అన్నం పళ్ళెం ముందు పెట్టి ఆ పూట సముద్రం సంగతి చెప్పేవాడు.

"ఈ పొద్దు ఉలవ చేను మాదిరి ఉండాది. గాలి తోలితే ఆకు తిరగబడి తెల్లగా అగపడతాది చూడు, అట్లా." ఇంకో రోజు, "ఎగిరే చేపలొచ్చినాయి. దున్నేటప్పుడు నాగలి ముందర మిడతలు లేచినట్టు, గుంపుగా లేచి పడినాయి." మరో రోజు, "మామిడి పూత మీద మంచు పట్టినట్టుండాది. మా నాయన చూసింటే పంట పాయెనని తల పట్టుకుని కూచుండును."

డెన్నిస్ పొల్లు పోకుండా రాసి పంపేవాడు. రాస్తుంటే సిగ్గేసేది. కానీ ఆ కాసేపు పంపు గది గోడలు కొంచెం వెనక్కి జరిగినట్టుండేది.

రెండువేల తొమ్మిదిలో ఆ గదే అతన్ని మింగబోయింది. ఒక గొట్టం కీలు పగిలి విమానాలకు పోసే ఇంధనం నేల మీదికి చిమ్మింది. దీపాలు ఆరిపోయాయి. పైన ఉన్నవాళ్ళు నియమం ప్రకారం పంపు గది మూత బిగించేశారు, లోపల మనిషి ఉన్నాడో లేడో తేల్చుకోకుండానే. ఆ చీకట్లో నాయన మాట జ్ఞాపకమొచ్చింది. కింద పొగ లేస్తే నేలకు కరుచుకుని పడుకో, పొగ పైకి పోతుంది, మంచి గాలి కిందుంటుంది. చిన్నప్పట్నుంచి విన్న మాట, కేజీఎఫ్ పిల్లలకు వేరే పాఠమెక్కడిది! డెన్నిస్ బోర్లా పడుకున్నాడు. గనిలో అది ప్రాణం కాపాడే మాటే. ఇంధనం ఆవిరి మాత్రం బరువైంది, నేలబారున పేరుకుంటుంది. తల తిరిగింది, నాలుక మొద్దుబారింది. స్పృహ తప్పే ముందు శిక్షణలో చెప్పింది తట్టింది. పాక్కుంటూ నిచ్చెన పట్టుకుని ఎక్కాడు. పైమెట్టు మీద వేలాడుతూ, నిప్పురవ్వ లేవని ఇత్తడి స్పానరుతో మూతను బాదాడు. రెండు గంటలు బాదాడు. తీసేసరికి చేతి వేళ్ళు విప్పడానికి ఇద్దరు పట్టుకోవాల్సి వచ్చింది.

ఆ వారం ఇంటికి వెళ్ళిన జాబులో సముద్రం కోతకొచ్చిన రాగి చేనులా ఊగింది.

పెళ్ళయ్యాక భార్య జూలీకి ఈ భాగోతమంతా చెప్పేశాడు. "మామకి చెప్పేయరాదా? ఎన్నాళ్ళు మోస్తావు?" అనేది ఆమె. "తెలిస్తే ఆయనకి ఉండే ఆ రవ్వంత ఊపిరీ ఆగిపోతాది జూలీ" అనేవాడు. నిజంగానే భయం. తనకున్న ఒకే ఒక్క కోరిక కొడుకు తీర్చలేదని తెలిసి ఆ మనిషి కన్నుమూయకూడదు. పైకి రాలేని గది, బయటపెట్టలేని అబద్ధం, రెండింటి మధ్యా డెన్నిస్ నలిగిపోయాడు.

రెండువేల పదిహేడులో స్వర్ణముఖికి కాలం చెల్లింది. ముప్పై ఏళ్ళు నడిచిన ఓడ. ఒక్క గుండు పేల్చలేదు, వందల ఓడల కడుపు నింపింది. డెన్నిస్ పదిహేనేళ్ళ సర్వీసు కూడా ఆ ఏడే ముగుస్తుంది. ఓడ జెండా దించే రోజు కుటుంబాలను తీసుకురావచ్చని ఇంటింటికీ కార్డులు పంపారు. డెన్నిస్ తన ఇంటికి పంపొద్దని గుమస్తాను బతిమాలుకున్నాడు కానీ అప్పటికే పోస్టులో వేసేశారట. కార్డు అమృతరాజు చేతిలోనే పడింది.

"నేనొస్తాను" అన్నాడు ఫోనులో.

"అంత దూరం నీకు కాదు నాయినా, రైల్లో ఊపిరాడదు."

"ఆడకపోతే యాడో ఒక స్టేషన్లో ఆగి పీల్చుకుంటాలే. నేనొస్తాను."

జూలీ వెంటబెట్టుకుని వచ్చింది. ఓడ ఎక్కే మెట్ల మీద అమృతరాజు ఏడుసార్లు ఆగాడు. తెల్ల చొక్కా, ఇస్త్రీ చేసిన ప్యాంటు, చేతిలో కర్ర. పైకి చేరాక రెండు చేతులతో కమ్మీ పట్టుకుని సముద్రం వైపు చాలాసేపు చూశాడు. డెన్నిస్ పక్కన బొమ్మలా నిలబడ్డాడు. ఉమేశ్ మంచినీళ్ళు తెచ్చిచ్చాడు.

"మీదే ఊరప్పా?" అని అడిగాడు అమృతరాజు.

"రాయల్పాడు పెద్దాయనా. మన కోలారు జిల్లానే."

"సేద్యముండాదా?"

"మామిడి తోట ఉండాది. మెట్ట చేన్లో ఉలవలు, రాగులు వేస్తాము."

"ఉలవలు" అన్నాడు అమృతరాజు, తల ఊపుతూ. నీళ్ళు తాగి గ్లాసు తిరిగిచ్చాడు. తర్వాత కొడుకు వైపు తిరిగాడు. "నువ్వు పనిచేసిన తావు చూపించు."

డెన్నిస్ ఆయన్ను ఇంధనం గొట్టాలు వేలాడే చోటికి నడిపించాడు. తల పైన బోలెడంత ఆకాశం. "ఈడే నాయినా. ఈడ నిలబడే తాళ్ళు అందించేది" అన్నాడు.

"బాగుండాది" అన్నాడు అమృతరాజు. ఊపిరి తీసుకున్నాడు. "ఇప్పుడు నిజంగా పనిచేసిన తావు చూపించు."

డెన్నిస్ జూలీ వంక చూశాడు. నేను చెప్పలేదన్నట్టు ఆమె తల అడ్డంగా ఊపింది. ఇక చేసేది లేక ముందు నడిచాడు. పంపు గదికి దిగే చోట గుండ్రటి మూత తెరిచి ఉంది. లోపల్నుంచి నూనె వాసన, మగ్గిన గాలి. అమృతరాజు కర్ర పక్కన పెట్టి దాని అంచు మీద కూర్చున్నాడు. వంగి చీకట్లోకి చూశాడు. ముక్కుతో రెండుసార్లు గాలి పీల్చాడు. గని మనిషికి ఇంకేం చెప్పాలి!

"ఎన్ని నిచ్చెనలు?"

"నాలుగు."

"గ్యాసు ఉండిందా?"

"ఒకసారి" అన్నాడు డెన్నిస్. "నువ్వు చెప్పినట్టే నేలకి కరుచుకుని పండుకున్న్యాను. ఓడలో అది తప్పు నాయినా. పైకెక్కల్ల."

అమృతరాజు మొహం నల్లబడింది. "నేను నేర్పిందే నిన్ను తినబోయిందా అయితే" అన్నాడు. కొంతసేపు దగ్గాడు.

"నీకు మాటిచ్చి తప్పినాను నాయినా. నిన్ను పదిహేనేండ్లు మోసం చేసినాను." డెన్నిస్ ఆయన కాళ్ళ దగ్గర కూలబడి ఏడ్చాడు. యూనిఫాంలో ఉన్నానన్న స్పృహ కూడా లేదు.

"మోసపోతే కదరా! నీ రెండో జాబుకే తెలిసిపోయింది నాకు. ఉలవ చేను నువ్వు యాడ చూసినావు? పుట్టినకాడి నుంచి మనం చూసింది గని మట్టి పోసిన సైనైడ్ దిబ్బే కదా. ఆ సముద్రాన్ని చూసినోడు ఎవురో సేద్యగాడు అనుకున్న్యా. మొహం ఎండకి మాడ్చుకుని వస్తావు సరే, కండ్లో? వాకిట్లోకి వస్తే వెలుతురుకి కండ్లు చిట్లిస్తావు. ముప్పై ఏండ్లు చిట్లించినోణ్ణి, నాకు తెలీదా?"

"మరి ఒక్క మాటన్నా అనలేదే!"

"అంటే జాబులు నిలిపేస్తావు." అమృతరాజు ఊపిరి కోసం ఆగాడు. "కింద నాకు ఆకాశం లేదు, పైకొచ్చినాక ఊపిరి లేదు. ఆ జాబులు సదివేటప్పుడే రొమ్ములోకి రవ్వంత గాలి పోతా ఉండె. మునిశామప్ప పోయే ముందు కూడా ఎగిరే చేపలదే మళ్ళా సదవమన్నాడు. నువ్వు కింద మగ్గతా ఉండావని తెలిసీ, స్వార్థంతో నోరు మూసుకున్న్యాను. మోసం చేసింది నేను."

అవతల బ్యాండువాళ్ళు వాద్యాలు సరిచూసుకుంటున్నారు. జెండా దించే వేళవుతోంది.

"ఒగ తూరి దిగు డెన్నీ" అన్నాడు అమృతరాజు. "నేను ఈడే కూచుంటా. దిగి, మళ్ళా ఎక్కి రా. నా కోసం నువ్వు దినాము గేటుకాడ నిలబడితివి. నువ్వు పైకి రావడం నేను ఒగనాడూ చూడలేదు."

డెన్నిస్ టార్చి తీసుకుని దిగాడు. ఒకటి, రెండు, మూడు, నాలుగు నిచ్చెనలు. పంపులు చల్లగా, మౌనంగా ఉన్నాయి. గడియారం ఎప్పుడో ఆగిపోయింది. పెద్ద పంపు మీద ఒకసారి చెయ్యి ఆనించాడు. పైనుంచి నాయన దగ్గు సన్నగా వినిపించింది. ఇన్నేళ్ళలో తనకోసం పైన ఒకరు కాచుకుని ఉండటం ఇదే మొదలు. వెనుదిరిగి, గబగబా ఎక్కసాగాడు.

పైమెట్టు దగ్గర వెలుతురు తగిలి కళ్ళు చిట్లించాడు. మూత అంచున నాయన చెయ్యి చాచి ఉంది. పైకి లాగడానికేమో అనుకుని డెన్నిస్ తన చెయ్యి అందించాడు. అమృతరాజు ఆ చేతిని పక్కకు తోసేసి మళ్ళీ చాచాడు.

"చెయ్యి కాదురా. క్యారియర్ ఇయ్యి."

డెన్నిస్ దగ్గర క్యారియర్ లేదు. టార్చి ఉంది. దాన్నే నాయన చేతిలో పెట్టాడు. అమృతరాజు దాని బరువు ఒకసారి చూసుకుని, చంకలో పెట్టుకుని, కర్ర అందుకున్నాడు.

"పద నాయినా" అన్నాడు కొడుకుతో, "ఇంటికి పోదాం."